వాయిదాకు వెళ్ళకపోతే కేసు పోయినట్టేనా?

ఈసారి వచ్చిన ఉత్తరాల్లో సగానికి పైగా ఒకే బాధ చెప్పాయి. వాయిదా రోజు మనిషి లేక కేసు డిఫాల్ట్‌లో కొట్టేశారు, ఇప్పుడేం చేయాలి అని. తెనాలిలో ప్రాక్టీసు చేస్తున్న లాయరుగా ఈ బాధ నేను దాదాపు రోజూ చూస్తాను. అందుకే ఈ సంచికలో మిగతా ప్రశ్నలు పక్కన పెట్టి వీటికే జవాబులు రాస్తున్నాను. రాసినవారి పేర్లు వేయడం లేదు, ఊళ్ళ పేర్లు మాత్రమే ఇస్తున్నాను.

ప్రశ్న: 2019లో 18 సెంట్ల ఇళ్ళ స్థలం కొనడానికి అగ్రిమెంటు రాయించుకుని 3 లక్షలు అడ్వాన్సు ఇచ్చాను. రిజిస్ట్రేషన్ చేయనన్నారు కాబట్టి 2021లో దావా వేశాను. స్థలం అమ్మకుండా కోర్టు మధ్యంతర ఉత్తర్వు కూడా ఇచ్చింది. నా చీఫ్ అఫిడవిట్ (నా సాక్ష్యం రాతపూర్వకంగా) దాఖలైంది, అవతలి లాయరు నన్ను క్రాస్ చేయాలి (ఎదురు ప్రశ్నలు వేయాలి). మార్చిలో ఆ వాయిదా రోజున మా అమ్మకు ఆపరేషన్. నేను గుంటూరు ఆసుపత్రిలో ఉన్నాను. ముందురోజే లాయరుగారి గుమాస్తాకు ఫోన్ చేసి చెప్పాను, మేం చూసుకుంటాం అన్నారు. ఆగస్టులో మా అబ్బాయి ఫోన్‌లో చూస్తే కేసు కొట్టేసినట్టు ఉంది. లాయరుగారిని అడిగితే కొత్త దావా వేద్దాం అంటున్నారు. మేడమ్, నా డబ్బు పోయినట్టేనా?
— ఒక పాఠకురాలు, నరసరావుపేట

అమ్మా, ముందుగా మీరు ఒకటి తెలుసుకోవాలి. మీరు ఓడిపోలేదు. మీ అగ్రిమెంటు నిజమా కాదా, డబ్బు ఇచ్చారా లేదా అన్నది జడ్జిగారు ఇంకా చూడనే లేదు. ఆ రోజు మీ తరఫున ఎవరూ లేరు కాబట్టి కేసు ఆపేశారు, అంతే. దాన్ని మళ్ళీ ఫైలు మీదకు తెచ్చుకోవడానికి చట్టంలోనే దారి ఉంది. కానీ రేపు చూద్దాం అని ఇంకొక్క రోజు కూడా ఆగకండి.

అసలేం జరిగి ఉంటుందో చెబుతాను. ఉదయం పదిన్నరకు కాల్ వర్క్ మొదలవుతుంది. బెంచి క్లర్కు నంబరు చదువుతారు, అటెండరు వరండాలోకి వచ్చి పేరు పిలుస్తాడు. వాది లేరు. వాది లాయరు గానీ, ఆయన తరఫున ఇంకెవరైనా గానీ లేచి, ఆమె తల్లికి ఆపరేషన్, వాయిదా ఇప్పించండి అని చెప్పినా సరిపోయేది. ఆ ఒక్క మాట చెప్పేవాళ్ళు లేకపోతే సాధారణంగా పాస్ ఓవర్ చేసి మధ్యాహ్నం మళ్ళీ పిలుస్తారు. అప్పటికీ ఎవరూ రాకపోతే డాకెట్ (ఏ వాయిదాకు ఏం జరిగిందో కోర్టు రాసే కాగితం) మీద వాది గైర్హాజరు, ప్రాతినిధ్యం లేదు, దావా డిఫాల్ట్‌లో కొట్టివేయడమైనది అని రాస్తారు. సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో ఆర్డర్ 9 ఈ సంగతి చెబుతుంది.

మీరు మొదట చేయాల్సిన పని ఆ డాకెట్ ఆర్డర్ చదవడం. అందులో ప్రతివాది హాజరయ్యారని ఉందా, ఇద్దరూ లేరని ఉందా? ఇద్దరూ లేకపోతే అది రూల్ 3 కిందకు వస్తుంది. అప్పుడు లిమిటేషన్ (దావా వేయడానికి చట్టం పెట్టిన గడువు) మిగిలి ఉంటే కొత్త దావా వేసుకునే వీలుంది, లేదా రూల్ 4 కింద పాత దావానే రెస్టోర్ చేయమని, అంటే తిరిగి ఫైలు మీదకు తీసుకోమని అడగవచ్చు. ప్రతివాది వచ్చి, మీరు మాత్రమే లేకపోతే అది రూల్ 8. మీరు రాసినదాన్ని బట్టి అవతలి లాయరు క్రాస్‌కు సిద్ధంగా వచ్చి ఉంటారు కాబట్టి మీది ఇదే అయి ఉండాలి. అలాంటప్పుడు అదే కారణం మీద కొత్త దావా వేయకూడదని రూల్ 9 స్పష్టంగా చెబుతోంది. పైగా అగ్రిమెంటు అమలు చేయించమని అడిగే దావాకు మూడేళ్ళే గడువు. 2019 అగ్రిమెంటు మీద ఇప్పుడు కొత్త దావా వేస్తే కోర్టు ఫీజు కట్టి గోడకు తల కొట్టుకున్నట్టే. దయచేసి ఆ సలహా వినకండి. (పంపకం దావాల సంగతి వేరు. ఆస్తి ఉమ్మడిగా ఉన్నంతకాలం పంపకం అడిగే హక్కు బతికే ఉంటుంది కాబట్టి, ఒక దావా డిఫాల్ట్‌లో పోయినా ఇంకొకటి వేయవచ్చు. చాలామంది ఆ ఉదాహరణ విని, అన్ని దావాలకూ అంతేననుకుంటారు.)

డాకెట్‌లో చూడాల్సింది ఇంకొకటి ఉంది. ఒక్కోసారి కోర్టు డిఫాల్ట్ అనకుండా, సాక్ష్యం ముగించి, ఆధారం లేదు కాబట్టి దావా కొట్టేస్తున్నాం అని తీర్పులా రాస్తుంది. అలా ఉంటే రెస్టోరేషన్ కాదు, అప్పీలు వేయాలి. రెండూ వేరు దారులు. తప్పు దారిలో నడిస్తే ఉన్న సమయం కాస్తా పోతుంది.

ఇక గడువు. రెస్టోరేషన్ పిటిషన్‌కు 30 రోజులు, లిమిటేషన్ చట్టం 122వ ఆర్టికల్ ప్రకారం. ఈ 30 రోజులూ మీకు తెలిసిన నాటి నుంచి కాదు, కొట్టేసిన తేదీ నుంచి లెక్క. మీ గడువు ఏప్రిల్‌లోనే దాటిపోయింది. కాబట్టి మీరు రెండు పిటిషన్లు కలిపి వేయాలి. ఆలస్యాన్ని మన్నించమని లిమిటేషన్ చట్టం సెక్షన్ 5 కింద ఒకటి, దావాను తిరిగి ఫైలు మీదకు తీసుకోమని ఆర్డర్ 9 రూల్ 9 కింద ఒకటి. రెండింటికీ వేర్వేరు అఫిడవిట్లు కావాలి. సర్టిఫైడ్ కాపీ వచ్చాక వేద్దాం అని కొందరు వారాల తరబడి కూర్చుంటారు. అప్పీలులో అయితే కాపీ కోసం పట్టిన రోజులు లెక్కలోంచి తీసేస్తారు, రెస్టోరేషన్‌లో ఆ వెసులుబాటు లేదు. కాపీకి దరఖాస్తు పెట్టండి, పిటిషన్ మాత్రం ముందే వేయండి.

అఫిడవిట్‌లో ఏం రాయాలన్నది అన్నిటికన్నా ముఖ్యం. కోర్టు అడిగేది ఒక్కటే. పిలిచిన ఆ రోజున రాలేకపోవడానికి తగిన కారణం ఉందా? అంతకుముందు మీరు ఎన్ని వాయిదాలు తీసుకున్నారన్నది దీనికి కొలత కాదని, ఆ ఒక్క రోజు కారణాన్నే చూడాలని 2000లో జి.పి. శ్రీవాస్తవ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. మీకు మంచి కారణం ఉంది, దాన్ని ఉన్నదున్నట్టు రాయండి. మీ అమ్మగారిని ఏ రోజు చేర్చారు, ఏ రోజు ఆపరేషన్, దగ్గర ఎవరున్నారు అన్నది రాసి, ఆసుపత్రి అడ్మిషన్ కాగితం, డిశ్చార్జ్ సమ్మరీ జతచేయండి. గుమాస్తాకు చేసిన ఫోన్ కాల్ మీ ఫోన్‌లో ఇంకా ఉంటే ఆ వివరం తీసి పెట్టండి.

కొందరు ఇక్కడ ఒక ఘోరం చేస్తారు. నిజమైన కారణం ఇంత బలంగా ఉన్నా, జ్వరం అని రాస్తేనే కోర్టు ఒప్పుకుంటుంది అని ఊళ్ళో డాక్టరు దగ్గర సర్టిఫికెట్ రాయించుకొస్తారు. ఎక్కడో ఫార్మసీ పక్కన కూర్చుని రాసిన ఆ కాగితం పనికిరాకపోగా, మీ నిజం మీద కూడా నీడ వేస్తుంది. క్రాస్‌లో అవతలి లాయరు ఆ డాక్టరును పిలిపిస్తే మీ అమ్మగారి ఆపరేషన్ సంగతి కూడా ఎవరూ నమ్మరు. నా దగ్గరకు వచ్చేవాళ్ళకు నేను ఈ మాట గట్టిగానే చెబుతాను. నిజంగా మర్చిపోయారా? తేదీ తప్పు రాసుకున్నామని రాయండి. నిజం చెప్పినవాళ్ళ పట్ల కోర్టులు చాలాసార్లు దయగానే ఉంటాయి.

లాయరుగారి సంగతి. తన లాయరు రానందుకు కక్షిదారును శిక్షించకూడదని 1981లోనే రఫీక్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. పల్లెటూరి మనిషి లాయరును పెట్టుకుని ఫీజు ఇచ్చి, ఆయన చూసుకుంటారని నమ్మడంలో తప్పేముందన్నది ఆ తీర్పు సారం. ఇప్పటికీ అందరూ చెప్పేది దాన్నే. కానీ 2024లో రజనీశ్ కుమార్ కేసులో అదే కోర్టు, లాయరు మీద తోసేసి కక్షిదారు చేతులు దులుపుకోవడం కుదరదనీ, తన కేసు ఏమైందో తాను కనుక్కుంటూ ఉండాలనీ అంది. ఈ రెండో మాట మీ కేసులో అవతలివాళ్ళు తప్పకుండా ఎత్తుతారు. మార్చి నుంచి ఆగస్టు దాకా ఒక్కసారైనా ఎందుకు అడగలేదు అంటారు. దానికి జవాబు మీ ఆలస్యం అఫిడవిట్‌లో ఉండాలి. మధ్యలో ఎప్పుడైనా ఆఫీసుకు ఫోన్ చేశారా, వాళ్ళేం చెప్పారు, అమ్మగారి కోలుకునే కాలం ఎలా గడిచింది, వేసవి సెలవులు ఎప్పుడు వచ్చాయి, మీ అబ్బాయి ఏ తేదీన చూశాడు అన్నది వరసగా రాయండి. ప్రతి రోజుకూ లెక్క చెప్పాలి అని అవతలివాళ్ళు అంటే భయపడకండి. ఆ మాటను మరీ అక్షరాలా పట్టుకోకూడదని 1987లో కాతీజీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. 1998లో బాలకృష్ణన్ కేసులో 883 రోజుల ఆలస్యాన్ని కూడా మన్నించింది. అక్కడ రోజుల సంఖ్య కన్నా కారణం నమ్మదగినదా అన్నదే చూశారు.

మీ లాయరుగారి చేత గానీ గుమాస్తా చేత గానీ, ఆమె ముందురోజు చెప్పిన మాట నిజం, మా వైపే పొరపాటు జరిగింది అని ఒక అఫిడవిట్ ఇప్పించగలిగితే సగం పని అయినట్టే. మంచి లాయర్లు ఇస్తారు. నేను చూసిన వాళ్ళలో ఇచ్చినవాళ్ళ గౌరవం పెరిగిందే తప్ప తగ్గలేదు.

కోర్టు ఒప్పుకుంటే చాలాసార్లు ఖర్చులు విధిస్తుంది, అవతలి పక్షానికో న్యాయసేవాధికార సంస్థకో కట్టమంటుంది. ఆ మొత్తం ఎంత చిన్నదైనా చెప్పిన తేదీలోపు కట్టి రసీదు దాఖలు చేయండి. కట్టకపోతే పిటిషన్ మళ్ళీ పోతుంది, ఆ తర్వాత మొహం చూపించడం కష్టం. ఒకవేళ రూల్ 9 పిటిషన్‌ను కొట్టేస్తే పై కోర్టులో సి.ఎం.ఎ. (సివిల్ మిస్లేనియస్ అప్పీలు) వేసుకోవచ్చు. జిల్లా కోర్టుకైతే 30 రోజుల గడువు.

చివరిగా, స్థలం సంగతి. దావా పోయిన రోజే మీ మధ్యంతర ఉత్తర్వు కూడా పోయింది. దావా తిరిగి ఫైలు మీదకు వస్తే, కోర్టు వద్దని చెప్పకపోతే, అది కూడా తిరిగి ప్రాణం పోసుకుంటుందని 2004లో వరీద్ జాకబ్ కేసులో తేల్చారు. కానీ ఈ మధ్య నెలల్లో ఆయన ఆ స్థలాన్ని ఎవరికైనా రాసిచ్చాడేమో తెలియదు. ఈరోజే ఈసీ (స్థలం మీద జరిగిన రిజిస్ట్రేషన్లు చూపే ఎన్‌కంబరెన్స్ సర్టిఫికెట్) తీయించండి. అమ్మేసి ఉంటే, కొన్నవాళ్ళను కూడా పార్టీగా చేర్చాలి.

ప్రశ్న: మా మీద ఒకాయన వేసిన స్థలం దావా పోయిన నెల డిఫాల్ట్‌లో పోయింది. ఇన్నాళ్ళకు ఆ స్థలానికి బేరం కుదిరింది. వెంటనే రిజిస్ట్రేషన్ చేసేయమని బంధువులు అంటున్నారు. చేయవచ్చా?
— ఒక పాఠకుడు, ఏలూరు

వద్దు సర్, ఆగండి. వాదికి 30 రోజుల గడువు ఉంది, దాటినా ఆలస్యం మన్నించమని అడిగే వీలుంది. దావా తిరిగి ఫైలు మీదకు వస్తే అది మొదటి నుంచీ నడుస్తున్నట్టే లెక్కలోకి వస్తుంది. ఆస్తి బదిలీ చట్టం సెక్షన్ 52 ప్రకారం దావా నడుస్తుండగా కొన్నవాళ్ళు ఆ దావా తీర్పుకు కట్టుబడాల్సి ఉంటుంది. మీ దగ్గర కొన్న మనిషి రేపు మీ మీదే కేసు వేస్తాడు.

కొనేవాళ్ళకు దావా సంగతి దాచడం మాత్రం అసలు చేయకండి. ఉన్నది చెప్పండి, డాకెట్ ఆర్డర్ కాపీ చూపించండి, రెస్టోరేషన్ పిటిషన్ ఏదైనా పడిందేమో ఈ-కోర్ట్స్‌లోనూ ఆ కోర్టు ఆఫీసులోనూ కనుక్కోండి. ఒక భరోసా మాత్రం మీకుంది. మీకు నోటీసు అందకుండా రూల్ 9 కింద కోర్టు దావాను రెస్టోర్ చేయదు. నోటీసు వచ్చినప్పుడు ఇంట్లో లేరని తిప్పి పంపించకండి. వెళ్ళి మీ అభ్యంతరం చెప్పుకోండి.

ప్రశ్న: నేను కువైట్‌లో డ్రైవరుగా పనిచేస్తున్నాను. ఒకాయనకు ఇచ్చిన 4 లక్షల అప్పు మీద 2016లో డిక్రీ వచ్చింది. వసూలు కోసం ఈ.పి. (డిక్రీ అమలు చేయించమని అడిగే ఎగ్జిక్యూషన్ పిటిషన్) వేసి అతని పొలాన్ని అటాచ్ (కోర్టు జప్తు) చేయించాం. బాటా (నోటీసుల ఖర్చుకు కోర్టులో కట్టే ఫీజు) కట్టలేదని, ఎవరూ రాలేదని 2022లో ఈ.పి. కొట్టేశారు. సెలవులో వచ్చినప్పుడు తెలిసింది. 30 రోజులు దాటాక ఇక ఏమీ చేయలేమంటున్నారు. నిజమేనా అక్కా?
— ఒక పాఠకుడు, రాయచోటి

నిజం కాదు తమ్ముడూ. ఈ.పి.లో డిఫాల్ట్ అయితే ఆర్డర్ 21లో రూల్ 105, 106 వర్తిస్తాయి. అక్కడ కూడా 30 రోజులే. పైగా లిమిటేషన్ చట్టం సెక్షన్ 5లోనే ఆర్డర్ 21 పిటిషన్లను మినహాయించారు, ఆలస్యాన్ని మన్నించడం కుదరదని 2005లో దామోదరన్ పిళ్ళై కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. నీకు చెప్పినవాళ్ళు అక్కడిదాకా చదివి ఆగిపోయారు. ఆ పాత ఈ.పి.ని లేపే ప్రయత్నమే అవసరం లేదు. డబ్బు డిక్రీని అమలు చేసుకోవడానికి 12 ఏళ్ళ గడువు ఉంది. నీ డిక్రీ 2016ది కాబట్టి 2028లో డిక్రీ తేదీ వచ్చేదాకా కొత్త ఈ.పి. వేసుకోవచ్చు. ఒక ఈ.పి. డిఫాల్ట్‌లో పోయినంత మాత్రాన రెండోది వేయడానికి అడ్డు లేదు.

నాకు బెంగగా ఉన్నది ఆ పొలం గురించి. ఈ.పి. కొట్టేసేటప్పుడు అటాచ్‌మెంట్ కొనసాగుతుందా లేదా అన్నది కోర్టు ఆర్డర్‌లో చెప్పాలి. ఏమీ చెప్పకపోతే అటాచ్‌మెంట్ ఆగిపోయినట్టే లెక్క అని ఆర్డర్ 21 రూల్ 57 చెబుతోంది. కాబట్టి 2022 నాటి ఆర్డర్ కాపీ తీయించు, పొలానికి ఈసీ తీయించు. అతని పేరు మీద ఇంకా ఉంటే కొత్త ఈ.పి.తో పాటే మళ్ళీ అటాచ్‌మెంట్ అడగాలి. అమ్మేసి ఉంటే ఇంకేం ఆస్తి ఉందో వెతకాలి. 2028 ఇంకా దూరంలోనే ఉందని కూర్చోవద్దు, ఆస్తులు చేతులు మారేది ఇలాంటి సమయంలోనే.

నువ్వు అక్కడే ఉంటావు కాబట్టి ఇక్కడ నమ్మకమైన మనిషికి, వీలైతే భార్యకో అన్నకో, జి.పి.ఎ. (నీ తరఫున పనులు చూసే అధికార పత్రం) ఇవ్వు. కువైట్‌లో భారత రాయబార కార్యాలయంలో సంతకం ధ్రువీకరించుకుని పంపితే, ఇక్కడికి చేరిన మూడు నెలల్లోపు దానికి స్టాంపు వేయించాలి. దాన్ని బీరువాలో పెట్టి మర్చిపోతున్న కుటుంబాలు కడప, అన్నమయ్య జిల్లాల్లో చాలా ఉన్నాయి. ఆ మనిషి వాయిదాలకు వెళ్తాడు, బాటా కడతాడు. అసలు డబ్బు డిక్రీలు ఎక్కువగా ఆగిపోయేది ఈ చిన్న చిన్న ఫీజుల దగ్గరే.

ప్రశ్న: మాది ఎరువుల దుకాణం. అరువుకు సరుకు తీసుకున్నతను ఇచ్చిన చెక్కు బౌన్స్ అయితే కేసు వేశాను. నేను ఒక వాయిదాకు వెళ్ళలేదు, మా వకీలు సాబు వేరే కోర్టులో ఉన్నారు. అతను నిర్దోషి అని కొట్టేశారట. మళ్ళీ అదే కోర్టులో రెస్టోర్ చేయమని పిటిషన్ వేయవచ్చా?
— ఒక పాఠకుడు, జగిత్యాల

చెక్కు కేసు క్రిమినల్ కోర్టులో నడుస్తుంది కాబట్టి ఇక్కడ లెక్కే వేరు. ఫిర్యాదుదారు రాకపోతే మేజిస్ట్రేటు నిందితుణ్ణి నిర్దోషిగా వదిలేయవచ్చని పాత సి.ఆర్.పి.సి. (క్రిమినల్ ప్రొసీజర్ కోడ్) సెక్షన్ 256 చెబుతుంది. అది నిర్దోషిత్వ తీర్పు, సివిల్ కోర్టు వారి డిఫాల్ట్ కాదు. ఇచ్చేశాక దాన్ని వెనక్కి తీసుకునే అధికారం మేజిస్ట్రేటుకు లేదని 1986లో గౌరయ్య కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. కాబట్టి అదే కోర్టులో పిటిషన్ వేసి నెలలు పోగొట్టుకోకండి. దారి పై కోర్టే. ఇంతకాలం హైకోర్టు అనుమతి అడిగి అప్పీలు వేయాల్సి వచ్చేది, దానికి 60 రోజుల గడువు. చెక్కు కేసులో ఫిర్యాదుదారు బాధితుడు కూడా కాబట్టి అనుమతి అడగకుండానే అప్పీలు చేసుకోవచ్చని 2025లో సుప్రీంకోర్టు చెప్పింది. దాని ప్రకారం సెషన్స్ కోర్టుకు వెళ్ళే వీలుంది. ఏ కోర్టో మీ తీర్పు కాపీ చూసి మీ వకీలుగారు నిర్ణయిస్తారు. గడువు మాత్రం ఏదైనా చిన్నదే.

అప్పీలులో వాదించడానికి మీకు గట్టి పాయింటు ఉండవచ్చు. ఆ రోజు మీరు నిజంగా అవసరమా? సాక్ష్యం చెప్పాల్సిన వాయిదానా, లేక నిందితుడికి వారెంటు వెళ్ళి అతని కోసం ఎదురుచూస్తున్న వాయిదానా? ఫిర్యాదుదారు అక్కర్లేని రోజున రాలేదని నిందితుణ్ణి వదిలేయడం సరికాదని 1998లో అసోసియేటెడ్ సిమెంట్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. డాకెట్ షీటు మొత్తం, మొదటి రోజు నుంచి, కాపీ తీయించండి.

2024 జులై 1 నుంచి సి.ఆర్.పి.సి. స్థానంలో వచ్చిన బి.ఎన్.ఎస్.ఎస్. (భారతీయ నాగరిక్ సురక్షా సంహిత)లో సెక్షన్ 279 కింద నిందితుణ్ణి వదిలేసే ముందు ఫిర్యాదుదారుకు 30 రోజుల సమయం ఇవ్వాలి. చిన్న వ్యాపారులకు ఇది చాలా పెద్ద ఊరట. మీ కేసు ఆ తేదీకి ముందు వేసినదైతే పాత చట్టమే నడుస్తుంది.

బాకీ డబ్బు కోసం సివిల్ దావా దారి కూడా ఉంది. సరుకు ఇచ్చిన నాటి నుంచి మూడేళ్ళ లెక్క. అరువు ఖాతా, బిల్లులు, చెక్కు తీసుకుని ఈ వారమే వకీలుగారి దగ్గర కూర్చోండి. క్రిమినల్ కేసు మీద ఆశతో ఈ మూడేళ్ళూ దాటబెట్టుకున్నవాళ్ళను చూస్తే నాకు చాలా కష్టంగా ఉంటుంది. సొంత సొమ్ము, చేతిలో కాగితాలన్నీ ఉండి కూడా ఏమీ రాదు.

ప్రశ్న: బిల్డరు మీద జిల్లా వినియోగదారుల కమిషన్‌లో వేసిన ఫిర్యాదును మేం రాలేదని కొట్టేశారు. అక్కడే రెస్టోర్ చేయించుకోవచ్చా?
— ఒక పాఠకుడు, విశాఖపట్నం

అక్కడ కాదు. జిల్లా, రాష్ట్ర కమిషన్లకు తమ ఆర్డర్‌ను తామే ఇలా రద్దు చేసుకునే అధికారం చట్టం ఇవ్వలేదని 2011లో రాజీవ్ హితేంద్ర పాఠక్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. 2019 చట్టం జిల్లా కమిషన్‌కు పునఃసమీక్ష ఇచ్చినా, అది ఆర్డర్‌లో పైకే కనిపించే పొరపాటుకు మాత్రమే. మీరు రాష్ట్ర కమిషన్‌లో అప్పీలు వేయండి, 45 రోజుల గడువు. కారణం సరైనదైతే ఫిర్యాదును తిరిగి జిల్లా కమిషన్‌కే పంపి విచారించమంటారు.

ప్రశ్న: నేనూ ఇద్దరు పిల్లలూ భర్త నుంచి మెయింటెనెన్స్ కోసం మహబూబ్‌నగర్‌లో కేసు వేశాం. తర్వాత బతుకుదెరువు కోసం హైదరాబాద్ వచ్చి ఇళ్ళల్లో పనిచేస్తున్నాను. వాయిదాకు పోవాలంటే ఒక రోజు కూలీ పోతుంది, బస్సు చార్జీ. రెండుసార్లు పోలేదు. కేసు కొట్టేశారు. వకీలుకు ఇవ్వడానికి నా దగ్గర డబ్బు లేదు. మళ్ళీ వేయనిస్తారా?
— ఒక పాఠకురాలు, కూకట్‌పల్లి

వేయనిస్తారు చెల్లీ. మీకూ పిల్లలకూ అన్నం పెట్టమని అడిగే హక్కు ఒక వాయిదాతో పోదు. మీ కేసును ఎవరూ విని తేల్చలేదు కాబట్టి కొత్తగా వేయడానికి అడ్డు లేదు. ఇప్పుడు మీరు ఉంటున్న చోటే వేయవచ్చు, భార్య నివసించే ప్రాంతంలోని కోర్టుకు ఆ అధికారం ఉంది. మహబూబ్‌నగర్ బస్సు ఎక్కే బాధ తప్పుతుంది.

అయితే కొత్తది వేసే ముందు ఒకటి ఆలోచించాలి. మెయింటెనెన్స్‌ను పిటిషన్ వేసిన తేదీ నుంచి ఇవ్వాలని 2020 నవంబరులో రజనీశ్ వర్సెస్ నేహా కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. పాత కేసు తిరిగి లేస్తే పాత తేదీ నుంచి మీకు రావాల్సింది లెక్కకు వస్తుంది. కొత్త కేసైతే కొత్త తేదీ నుంచే. పాతది వేసి ఏడాదో రెండేళ్ళో అయి ఉంటే, పిల్లల ఫీజుల పరంగా అది చిన్న మొత్తం కాదు. మెయింటెనెన్స్ కేసు స్వభావంలో సివిల్ కేసులాంటిదని చెబుతూ ఇలాంటి పిటిషన్లను రెస్టోర్ చేయడాన్ని హైకోర్టులు ఒప్పుకున్నాయి. కొట్టేసి ఎక్కువ కాలం కాకపోతే ముందు అక్కడ రెస్టోరేషన్ అడగడం మంచిది. మీ అఫిడవిట్‌లో కూలీ సంగతి, బస్సు చార్జీ సంగతి సిగ్గుపడకుండా రాయండి. పేదరికం వల్ల రాలేకపోవడం కూడా కారణమే. చాలాకాలం దాటిపోయి ఉంటే ఇక్కడే కొత్తగా వేయండి. వేసిన రోజే మధ్యంతర భృతి కూడా అడగండి.

వకీలు కోసం మీరు ఒక్క రూపాయి ఇవ్వక్కర్లేదు. 1987 నాటి న్యాయసేవల చట్టం సెక్షన్ 12 ప్రకారం ఆడవాళ్ళకు, ఆదాయం ఎంతన్నదానితో నిమిత్తం లేకుండా ఉచితంగా లాయరును పెట్టాలి. 15100 నంబరుకు ఫోన్ చేయండి, లేదా కోర్టు ఆవరణలోనే ఉండే న్యాయసేవాధికార సంస్థ ఆఫీసుకు వెళ్ళి ఒక కాగితం రాసివ్వండి. రాయడం రాకపోతే అక్కడి పారాలీగల్ వాలంటీర్ రాసిపెడతారు. ఇది దయతో ఇచ్చేది కాదు, చట్టం మీకు ఇచ్చిన హక్కు. పనిచేసే ఇళ్ళల్లో వాయిదా తేదీ ముందే చెప్పండి. మీలాంటి చెల్లెళ్ళ చేత పని చేయించుకునే ఇల్లాళ్ళు ఈ పేజీ చదువుతుంటే, ఆ ఒక్క రోజు జీతం కోయకుండా పంపమని నేను వాళ్ళను వేడుకుంటున్నాను.

ప్రశ్న: కేసు కొట్టేసిన సంగతి మాకు లాయరు చెప్పలేదు. లాయరును మార్చుకుందామంటే, ఫీజు బాకీ ఉందని ఫైలు ఇవ్వడం లేదు. కేసు వాయిదాలు మేమే తెలుసుకునే మార్గం ఉందా?
— ఒక రైతు, మిర్యాలగూడ

ఫీజు బాకీ ఉందని కక్షిదారు కాగితాలు పట్టుకోవడానికి లాయరుకు హక్కు లేదని 2000లో ఆర్.డి. సక్సేనా కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఫీజు కోసం ఆయన వేరే దావా వేసుకోవచ్చు, ఫైలు మాత్రం ఇవ్వాల్సిందే. ముందు మర్యాదగా వెళ్ళి అడగండి, నిజంగా బాకీ ఉంటే వీలైనంత ఇవ్వండి. అప్పటికీ ఇవ్వకపోతే రిజిస్టర్డ్ పోస్టులో ఉత్తరం రాయండి. ఆ తర్వాత బార్ కౌన్సిల్‌కు ఫిర్యాదు చేయవచ్చు. కానీ రెస్టోరేషన్ గడువును దాని కోసం ఆపకండి. కోర్టు రికార్డులో ఉన్న ప్రతి కాగితానికీ మీరు సర్టిఫైడ్ కాపీ తెచ్చుకోవచ్చు, కొత్త లాయరు కోర్టు అనుమతితో వకాలత్ వేయవచ్చు.

వాయిదాల సంగతికొస్తే, మీ కేసుకు 16 అక్షరాలు, అంకెలు కలిసిన సి.ఎన్.ఆర్. నంబరు ఒకటి ఉంటుంది. దాన్ని లాయరు ఆఫీసులోనో కోర్టులోనో అడిగి మీ పాస్‌బుక్ వెనకాల రాసుకోండి. ఈ-కోర్ట్స్ సర్వీసెస్ యాప్‌లో అది కొడితే తర్వాతి వాయిదా, క్రితం వాయిదాలో ఏం జరిగింది కనిపిస్తాయి. స్మార్ట్‌ఫోన్ లేకపోతే ఇంట్లో చదువుకునే పిల్లల ఫోన్‌లో పెట్టించండి. నెలకు ఒక్కసారైనా చూడండి, ముఖ్యంగా వాయిదా మర్నాడు సాయంత్రం. డిస్పోజ్డ్ (కేసు ముగిసింది) అని కనిపిస్తే మర్నాడు ఉదయమే బయలుదేరి లాయరు దగ్గరకు వెళ్ళండి. 30 రోజుల్లో ఇంకా 28 మిగిలి ఉంటాయి, ఆలస్యం పిటిషన్ అవసరమే రాదు.